ఎమ్మెల్యే సంతకం కోసం ఆగిన కేసు కట్టలు
చిన్న ఊరి వకీలు ఎమ్మెల్యేగా గెలిస్తే ఆయన చేతిలోని దావాలు వాయిదాల పాలవుతున్నాయి. శాసనసభ్యులు ప్రాక్టీసు చేసుకోవచ్చని సుప్రీంకోర్టు 2018లోనే చెప్పింది, దాంతో పేచీ లేదు. కానీ వకాల్తా ఆయన పేరునే ఉంటుంది, మనిషేమో అసెంబ్లీలోనో పెళ్లిపందిళ్లలోనో ఉంటాడు. జూనియరు లేచి ‘సీనియర్ గారు రాలేదు’ అంటాడు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 17 ప్రకారం విచారణలో ఒక పక్షానికి మూడు వాయిదాలే. వకీలు వేరే కోర్టులో ఉన్నాడన్నా చెల్లదు. ప్రకాశం జిల్లా పల్లెలో గట్టు తగాదా ఉన్న రైతు వేరే వకీలును పెట్టుకోవాలంటే పాత వకీలు ఇవ్వాల్సిన నో అబ్జెక్షన్ సంతకం ‘ఎమ్మెల్యే గారిని’ అడగడానికే జంకుతాడు. ఫీజు బాకీ ఉన్నా కాగితాలు ఆపుకోకూడదని 2000లోనే తీర్పు వచ్చింది. ప్రమాణస్వీకారమైన నెలలోపు ప్రతి వకాల్తాకూ నో అబ్జెక్షన్ రాసి, దస్తావేజులు రసీదు మీద తిరిగిచ్చేలా బార్ అసోసియేషన్లు నియమం పెట్టాలి.
– ఒక పాఠకుడు, ఒంగోలు