కేసు వేసే ముందు ఒక్కసారి చదవండి

మిత్రులందరికీ నమస్కారం. రాత్రి నుంచి మన టీచర్ల గ్రూపులో అందరిదీ ఒకటే మాట, బదిలీల మీద కోర్టుకు వెళ్దామని. మీ బాధ నాకు తెలుసు. కానీ బదిలీ ఉద్యోగంలో భాగమనే కోర్టులు చూస్తాయి. 1990లో శిల్పి బోస్ కేసులో (అది బిహార్ టీచర్లదే) సుప్రీంకోర్టు ఇదే చెప్పింది: తప్పనిసరి నిబంధనను కాదని చేసినా, దురుద్దేశంతో చేసినా తప్ప బదిలీలో జోక్యం వద్దని. దూరం, పిల్లల చదువు, మంచాన పడ్డ అమ్మానాన్నలు, ఇవన్నీ నిజమే. కానీ వీటిని ముందు అధికారులకే చెప్పుకోవాలి.

రూల్స్ తప్పారని కోర్టుకు వెళ్తే బలముంటుంది. 2023లో మన తెలంగాణలో బదిలీలు నెలల తరబడి ఆగలేదా? భార్యాభర్తలిద్దరూ ఉద్యోగులైతే బదిలీ వరుసలో కలిపే స్పౌజ్ పాయింట్లు, సంఘ నాయకుల అదనపు పాయింట్ల మీదే కదా వాదనంతా.

అందుకని పాయింట్లు తప్పుపడ్డవాళ్లు ఈరోజే సీనియారిటీ జాబితా ప్రింట్ తీసి పెట్టుకోండి. అభ్యంతరం రెండు కాపీలు రాయండి. డీఈవో (జిల్లా విద్యాధికారి) ఆఫీసులో ఒకటిచ్చి, రెండోదాని మీద తేదీ, స్టాంపు వేయించుకోండి. పోయినసారి ఒక మేడమ్ ఫోన్లోనే చెప్పుకొని ఊరుకున్నారు. లాయరు మొదట అడిగింది ఆ కాగితమే, ఆవిడ దగ్గర లేదు.

ఇప్పుడున్న బడి నుంచి రిలీవ్ కాకముందే కదలండి. రేపు సాయంత్రం ఐదింటికి కాగితాలు పట్టుకురండి, కూర్చుని చూద్దాం.