చెట్లను లెక్కపెట్టారు సరే, చెట్టు మీద బతికేవాటి లెక్క ఏది?

కేంద్ర పర్యావరణ, అటవీ, వాతావరణ మార్పుల శాఖ మంత్రి గారికి,

నమస్కారం.

అండమాన్ నికోబార్ దీవుల దక్షిణ కొసనున్న గ్రేట్ నికోబార్ దీవిలో ఓడరేవు, విమానాశ్రయం, టౌన్‌షిప్, విద్యుత్ కేంద్రం కట్టడానికి మీ శాఖ 2022 నవంబరులో పర్యావరణ అనుమతి ఇచ్చింది. ఇందుకోసం మళ్లిస్తున్న అడవి 130.75 చదరపు కిలోమీటర్లు. గలథియా తీరంలో గుడ్లు పెట్టే పెద్ద తాబేళ్ల గురించి, ఆ అడవుల్లో బతికే షోంపెన్ ఆదివాసుల గురించి, భూకంపాల భయం గురించి తెలిసినవాళ్లు చాలామంది మీకు రాశారు. అవన్నీ రాయాల్సినవే. నేను వృక్షశాస్త్రం పాఠాలు చెప్పి రిటైరైనవాణ్ణి కాబట్టి, ఆ చర్చలో ఎవరి నోటా పెద్దగా వినిపించని నాచు మొక్కలు (ఇంగ్లీషులో మాస్), ఫెర్న్‌లు, ఆర్కిడ్‌ల తరఫున ఈ ఉత్తరం రాస్తున్నాను.

అడిగేది పెద్ద కోరిక కాదు. ఏ బ్లాకులో చెట్లు కొట్టబోతున్నారో ఆ బ్లాకులోని చిన్న మొక్కల జాబితా ముందు తయారు చేయించండి. దాన్ని జనం ముందు పెట్టండి. అది పూర్తయ్యేదాకా అక్కడ రంపం ఆడనివ్వకండి.

చెట్ల లెక్క ఉంది కదా అని మీ అధికారులు అనొచ్చు. ఉంది. ఒకసారి 8.5 లక్షలన్నారు, తర్వాత పార్లమెంటులో 9.64 లక్షలన్నారు. ఆ అంకెల మీద తగవు ఇంకా నడుస్తూనే ఉంది, నేను అందులోకి వెళ్లను. అటవీ శాఖ లెక్కంటే మాను చుట్టుకొలత పట్టి నంబరు వేయడం. కలప విలువ కట్టడానికి అది సరిపోతుంది. కానీ ఏడాదికి 3,000 మిల్లీమీటర్లకు పైగా వాన కురిసే సతత హరిత అడవిలో ఒక మాను దగ్గర నిలబడి చూడండి. చెట్టు మొదలు దగ్గర, వేళ్ల సందుల్లో ఒక రకం నాచు ఉంటుంది. తల ఎత్తు దాటితే ఇంకో రకం. కొమ్మ చీలిన చోట మట్టి పేరుకుని ఫెర్న్, దాని పక్కనే ఆర్కిడ్. కింద నీడలో పెరిగే చిన్న మొక్కల ఆకులు చూస్తే పైన పచ్చటి మరకలు కనిపిస్తాయి. దుమ్మో తెగులో అనుకుంటాం. లెన్స్ పెట్టి చూస్తే ఒకదాని మీద ఒకటి పెంకుల్లా పేర్చిన బుల్లి ఆకులు! అవి లివర్‌వర్ట్‌లు, నాచుకు దగ్గరి చుట్టాలు. ఆకు మీదే పుట్టి, ఆ ఆకు రాలేలోగా పక్క ఆకు మీదికి చేరుకోవాలి. లేకపోతే వాటి కథ అంతే. వీటిలో ఏదీ నంబరు వేసేవాడి రిజిస్టరులోకి ఎక్కదు.

నాచుకు నిజమైన వేరు ఉండదు, నీటిని పైకి తోడే గొట్టాలూ మన మామిడికీ వేపకూ ఉన్నట్టు ఉండవు. ఒళ్లంతా నోరే. గాలిలో తేమ ఉంటే తాగుతుంది, లేకపోతే ముడుచుకుని పడుకుంటుంది. ఎండిపోయిన నాచు మీద ఒక్క చుక్క నీళ్లు వేస్తే చూస్తుండగానే ఆకులు విచ్చుకుంటాయి. అది చూసి నోరెళ్లబెట్టని విద్యార్థి నాకు తగల్లేదు. అంత గట్టి ప్రాణం కదా, దానికేం ఢోకా అనిపించొచ్చు. బండల మీద, గోడల మీద పెరిగే రకాలకు నిజమే. అడవి లోపలి చీకటికీ చెమ్మకూ అలవాటు పడిన రకాలకు అలా కుదరదు. వాటి మగ కణాలు ఆడ కణాల దగ్గరికి నీటి పొరలో ఈదుకుంటూ వెళ్లాలి. అడవి మధ్య రోడ్డు వేసి, రెండు పక్కలా వెలుతురూ వేడిగాలీ లోపలికి తోలితే అంచున ఉన్న చెట్లు పచ్చగానే నిలబడతాయి. వాటి మీదున్న మెత్తటి లోకం మాత్రం అందరికంటే ముందు ఎండిపోతుంది.

అందుకే, మళ్లించిన అడవిలో దాదాపు సగం కొట్టకుండా పచ్చగానే ఉంచుతామని ప్రభుత్వం చెబుతున్న మాట నాకు ధైర్యం ఇవ్వడం లేదు. ఎక్కడ ఉంచుతారు? ఒకే ముక్కగానా, కట్టడాల మధ్య తుంపులు తుంపులుగానా? చెట్టుకు ఆ తేడా పెద్దగా తెలియకపోవచ్చు. చెట్టును పట్టుకుని బతికే మొక్కకు చావుబతుకుల తేడా అదే.

ఇక దీవి సంగతి. మ్యాపులో చూస్తే గ్రేట్ నికోబార్‌కు చెన్నై, విశాఖల కంటే సుమత్రా చాలా దగ్గర. మొక్కల బంధుత్వాలూ అటువైపే. ఆగ్నేయాసియాలో విరివిగా ఉండి, మన దేశంలో ఈ దీవుల్లో తప్ప కనబడని మొక్కలు ఉన్నాయి. ప్రపంచంలో నికోబార్ దీవుల్లో తప్ప ఇంకెక్కడా లేనివీ ఉన్నాయి: సయాథియా ఆల్బోసెటేసియా అనే చెట్టంత ఎత్తు పెరిగే ఫెర్న్, బెంటింకియా నికోబారికా అనే తాటి జాతి చెట్టు ఆ కోవలోవే. మన మొగలికి దగ్గరి చుట్టమైన ఒక చెట్టు కాయ నికోబారీలకు తరతరాలుగా తిండి. ఈ దీవిలో పూలమొక్కలు, ఫెర్న్‌లు, నాచులు అన్నీ కలిపి సుమారు 650 రకాలని అక్కడి బయోస్ఫియర్ రిజర్వు (జీవావరణాన్ని కాపాడే ప్రాంతం) వివరాల్లో ఉంది. 1989లో దాన్ని బయోస్ఫియర్ రిజర్వుగా ప్రకటించింది మన ప్రభుత్వమే, 2013లో యునెస్కో జాబితాలో చేరినప్పుడు సంబరపడిందీ మన ప్రభుత్వమే. ఆ 650లో మళ్లించిన నేల మీద ఉన్నవెన్ని, అక్కడ తప్ప దీవిలో ఇంకెక్కడా లేనివెన్ని? అనుమతి మీద సంతకం పడేముందే తేలాల్సిన ప్రశ్న ఇది.

పోయిన అడవికి బదులుగా హర్యానాలో చెట్లు పెంచుతారట. అడవి ఎక్కువగా ఉన్న చోట కొడితే, తక్కువ ఉన్న రాష్ట్రంలో నాటవచ్చని నిబంధన ఉంది, తెలుసు. హర్యానాలో చెట్లు పెరగాలి కూడా, ఆరావళి కొండలకు అవి అవసరం. కానీ ఏడాదికి ఐదారు వందల మిల్లీమీటర్ల వాన పడే నేలలో నాటిన మొక్క నికోబార్ ఫెర్న్‌కు బదులు ఎలా అవుతుంది స్వామీ? దాన్ని హర్యానా పచ్చదనం పద్దులో రాసుకోండి, నికోబార్ నష్టపరిహారం పద్దులో రాయకండి. అంతగా పరిహారం చేయాలనుకుంటే ఆ దీవుల్లోనే చోటుంది. 2004 సునామీ రోజున గ్రేట్ నికోబార్ దక్షిణ కొస అయిన ఇందిరా పాయింట్ దగ్గర నేల నాలుగు మీటర్లకు పైగా కుంగింది, లైట్‌హౌస్ మొదలు నీళ్లలోకి వెళ్లింది. నికోబార్ దీవుల మడ అడవుల్లో ఎక్కువ భాగం తుడిచిపెట్టుకుపోయింది. వాటిని తిరిగి నిలబెట్టడానికి ఆ డబ్బు వాడితే అర్థముంటుంది.

చట్టంలో కూడా మొక్కలది వెనక బెంచీయే. వన్యప్రాణి సంరక్షణ చట్టంలో మొక్కల కోసం పెట్టిన షెడ్యూలులో 2022 సవరణ దాకా ఉన్నవి ఆరంటే ఆరు. అందులో ఒకటి మా శేషాచలం కొండల సైకస్ బెడ్డోమి కావడం ఆంధ్రులుగా మాకు గర్వమే గానీ, దేశం మొత్తానికి ఆరేనా అని క్లాసులో పిల్లలు అడిగితే నా దగ్గర జవాబు ఉండేది కాదు. ఇక నాచు మొక్క ఆ గడప తొక్కలేదు.

విశాఖలో కూర్చుని నికోబార్ గొడవ నీకెందుకని మా వాళ్లే అడుగుతుంటారు. పోర్ట్ బ్లెయిర్‌కు (ఇప్పుడు శ్రీ విజయపురం అంటున్నారు) ఇక్కణ్ణుంచి ఓడ వెళ్తుంది. శ్రీకాకుళం, విశాఖ జిల్లాల నుంచి వెళ్లి అక్కడ స్థిరపడ్డ కుటుంబాలు ఎన్నో. ఆ దీవుల్లో పదిమందిలో ఒకరికి పైగా తెలుగువాళ్లే. గ్రేట్ నికోబార్‌లోని క్యాంప్‌బెల్ బేలో 1969 నుంచి స్థిరపరిచిన మాజీ సైనికుల్లోనూ ఆంధ్ర నుంచి వెళ్లినవారున్నారు. వాళ్లకు ఆసుపత్రి కావాలి, సరైన రవాణా కావాలి, పిల్లలకు ఉద్యోగాలు కావాలి. ఇవేవీ వద్దనే హక్కు నాకు లేదు, అనడమూ లేదు. వాటికి ఇంత అడవి కావాలా అన్నది వేరే చర్చ.

మీరు చేయించాల్సిన పనికి కొత్త సంస్థ అక్కర్లేదు. బొటానికల్ సర్వే ఆఫ్ ఇండియా మీ శాఖ కిందిదే, పోర్ట్ బ్లెయిర్‌లో దాని ప్రాంతీయ కేంద్రం 1972 నుంచి ఉంది. నాచులూ ఫెర్న్‌లూ గుర్తుపట్టగల మనుషులను ఆ కేంద్రానికి ఇవ్వండి. విశ్వవిద్యాలయాల్లో ఈ విద్య నేర్చుకుని ఉద్యోగం లేక కోచింగ్ సెంటర్లలో పాఠాలు చెబుతున్న పిల్లలు ఉన్నారు, వాళ్లను తీసుకోండి. సర్వే ఒక వానాకాలం, ఒక పొడి కాలం రెండూ చూడాలి. ఒక్క కాలంలో హడావుడిగా తిరిగి వస్తే సగం మొక్కలు కంటపడవు. నరికిన చెట్టు కింద పడ్డాక కొమ్మల మీదవి ఏరుకోవడం సర్వే కాదు. నమూనాలు ఎండబెట్టి హెర్బేరియంలో, అంటే మొక్కల నమూనాలు దాచే చోట, భద్రపరచాలి. వాగుల గట్లను ఎక్కడికక్కడ తెగ్గొట్టకుండా ఏకంగా వదలాలి, తేమ నిలిచేది అక్కడే. ఒకే చోట తప్ప ఇంకెక్కడా లేని మొక్క దొరికితే ఆ బ్లాకు ప్లానునే మార్చాలి. పగడపు దిబ్బలను పెకలించి వేరే చోట అతికిస్తామంటున్నారు కదా, ఆకు మీది లివర్‌వర్ట్‌ను అలా తరలించే పద్ధతి నేను ఎక్కడా చదవలేదు.

ఇదంతా ఇప్పటికే చేయించి ఉంటే మరీ మంచిది. ఆ జాబితాను బ్లాకులవారీగా పర్యావరణ అనుమతుల కోసం మీ శాఖ నడిపే పరివేష్ పోర్టల్‌లో పెట్టించండి. చేయించకపోతే ఎప్పుడు మొదలుపెడతారో తేదీ చెప్పండి.

ఇట్లు,
రిటైర్డ్ వృక్షశాస్త్ర అధ్యాపకుడు,
విశాఖపట్నం