ఏ ఆర్కిటెక్ట్? ఆ మాట ముందు తేల్చుకోండి

సంపాదకుల వారికి,

మన జిల్లాలో ఇంజినీరింగ్ ఆఖరి ఏడాది పిల్లల్ని ఏమవుతారని అడిగితే ‘ఆర్కిటెక్ట్’ అనే మాట తరచూ వినిపిస్తోంది. ఏ ఆర్కిటెక్ట్ అంటే మాత్రం నీళ్లు నములుతారు. తప్పు వాళ్లది కాదు. ఇళ్ల ప్లాన్లు గీసే ఆర్కిటెక్టు ఆ పేరు పెట్టుకోవాలంటే 1972 చట్టం కింద నమోదు కావాలి. ఐటీలో అలాంటి నమోదేదీ లేదు. ఒక కంపెనీ సొల్యూషన్ ఆర్కిటెక్ట్ అని పిలిచే మనిషిని పక్క కంపెనీ టెక్నికల్ ఆర్కిటెక్ట్ అంటుంది. కాబట్టి హోదా పక్కన పెట్టి, ఏ నిర్ణయం ఎవరిదో చూసుకోవడం మేలు.

పలాసలో మూడు జీడిపప్పు ఫ్యాక్టరీలున్న వ్యాపారి ఆన్‌లైన్‌లో అమ్మాలనుకున్నాడనుకుందాం. ఆర్డరు రావడం, డబ్బు చెల్లింపు, గోదాములో సరుకు తగ్గడం, విలువ 50 వేలు దాటితే సరుకు రవాణాకు ఉండాల్సిన ఈ-వే బిల్లు, లారీ పార్సిలు... ఈ గొలుసు మొత్తం ఎక్కడా తెగకుండా గీసేది సొల్యూషన్ ఆర్కిటెక్ట్. తెగేది కూడా సాధారణంగా చెల్లింపు దగ్గరే. ఖాతాలో డబ్బు కట్ అవుతుంది, నెట్ మందగించి జవాబు రాదు, కొనేవాడు బటన్ మళ్లీ నొక్కుతాడు. ఒకే సరుకుకు రెండు ఆర్డర్లు! ‘ఒక ఆర్డరుకు ఒక్కసారే డబ్బు తీసుకోవాలి, జవాబు తేలేదాకా ఆ సరుకు పక్కన పెట్టాలి’ అని సొల్యూషన్ ఆర్కిటెక్ట్ రాసిస్తాడు. అది కోడ్‌లో ఎలా కుదరాలో టెక్నికల్ ఆర్కిటెక్ట్ తేలుస్తాడు: ప్రతి ఆర్డరుకూ ముందే ఒక నంబరు ఇవ్వడం, అదే నంబరుతో రెండోసారి వస్తే పాత జవాబే తిప్పి పంపడం, డేటాబేస్‌లో ఆ నంబరు రెండుసార్లు పడకుండా కట్టడి పెట్టడం. ఈయన రోజూ కోడ్ చూడకపోతే పని నడవదు.

డేటా ఆర్కిటెక్ట్ పని పైకి చిన్నదిగా కనిపిస్తుంది గానీ చాలా ప్రాజెక్టులు కూలేది అక్కడే. జీడిపిక్కలు కొనేది 80 కిలోల బస్తాల్లో. పప్పు అమ్మేది కిలోల్లో. గ్రేడు నంబరేమో పౌనుకు ఎన్ని పలుకులో చెబుతుంది. ఒక ఫ్యాక్టరీ గుమాస్తా ‘320’ అని, ఇంకొకరు ‘డబ్ల్యూ320’ అని, మూడోవారు మధ్యలో ఖాళీ వదిలి కొడితే కంప్యూటరుకు అవి మూడు వేర్వేరు సరుకులు. నిల్వ లెక్క ఇక కలవదు. ఏ కొలతలో దాచాలి, గ్రేడుల జాబితా ఎవరి అధీనంలో ఉండాలి, మార్చే హక్కు ఎవరికి అన్నవి ఈయన నిర్ణయాలు. సాఫ్ట్‌వేర్ నడక మొదలయ్యాక ఇవి సరిదిద్దాలంటే పాత బిల్లులన్నీ తిరగేయాల్సిందే.

పలాస చుట్టుపక్కల ఉద్దానం వాళ్లకు ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ ఆర్కిటెక్ట్ గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను తీరం దాటాక కరెంటు, ఫోన్లు ఏమయ్యాయో చూశారు. సర్వరు, దాని బ్యాకప్ ఒకే గదిలో ఉంటే రెండూ కలిసే పోతాయి. ఈయన మొదట రెండు ప్రశ్నలు అడగాలి: ఎంతసేపు ఆగినా ఫర్వాలేదు? ఎంతసేపటి డేటా పోయినా తట్టుకోగలరు? రోజుకోసారి రాత్రి మాత్రమే బ్యాకప్ తీస్తే ఒక రోజు బిల్లులు పోవచ్చు. 15 నిమిషాలకోసారి తీస్తే నష్టం ఆ 15 నిమిషాలకే పరిమితం. అమెజాన్ క్లౌడ్‌కు ముంబయి కేంద్రం 2016లో, హైదరాబాద్ కేంద్రం 2022లో వచ్చాయి గనుక రెండో కాపీ దేశంలోనే వేరే ఊళ్లో పెట్టుకోవచ్చు. రెండుచోట్లా అన్నీ నడుస్తూ ఉండాలంటే ఖర్చు దాదాపు రెట్టింపు. 99.9 శాతం లభ్యత అంటే ఏడాదికి సుమారు 8 గంటల 45 నిమిషాలు ఆగొచ్చని అర్థం, 99.99 అంటే 53 నిమిషాలకు మించకూడదు. ఆ ఒక్క తొమ్మిది కోసం ఎంత ఖర్చు పెట్టాలో వ్యాపారికి విప్పి చెప్పడం కూడా ఈయన ఉద్యోగమే. బ్యాకప్ తీసి, ఒక్కసారి కూడా తిరిగి ఎక్కించి చూడకపోవడం అన్నిటికన్నా మామూలుగా జరిగే పొరపాటు.

ఎంటర్‌ప్రైజ్ ఆర్కిటెక్ట్ ఈ వ్యాపారికి అక్కర్లేదు. పదుల శాఖలు, వందల సాఫ్ట్‌వేర్లు ఉన్నచోట ఏది ఉంచాలి, ఏది తీసేయాలి అని కొన్నేళ్ల ముందుచూపుతో చెప్పే పని అది. ప్రభుత్వ శాఖల సాఫ్ట్‌వేర్లన్నిటినీ ఒక్క గొడుగు కిందికి తేవాలని మన రాష్ట్రం ఈ-ప్రగతి పేరుతో తలపెట్టింది ఆ తరహాదే. సెక్యూరిటీ ఆర్కిటెక్ట్ అయితే, ఇప్పటిదాకా చెప్పిన అందరి ప్లాన్లలోనూ భద్రతకు ఎక్కడ చిల్లు ఉందో చూస్తాడు. చిన్న కంపెనీల్లో ఇందులో మూడు పనులు ఒకరే చేస్తారు, అందులో తప్పేం లేదు.

సర్టిఫికెట్ల మాట. అమెజాన్ ‘సొల్యూషన్స్ ఆర్కిటెక్ట్ అసోసియేట్’ పరీక్ష 65 ప్రశ్నలు, 130 నిమిషాలు, వెయ్యికి 720 వస్తే పాస్. పేరు ఏదైనా అది పరీక్షించేది అమెజాన్ సేవల్ని ఎక్కడ ఎలా వాడాలన్న తెలివిని. పెద్ద సంస్థల సాఫ్ట్‌వేర్ల ప్లాను ఎలా గీయాలో చెప్పే పద్ధతి టోగాఫ్. 1995లో మొదలైన అది ఎంటర్‌ప్రైజ్ స్థాయిది. ఒక్క డేటాబేస్ కూడా నడపని కుర్రాడు దాంతో మొదలుపెట్టడం పునాది తవ్వకుండా శ్లాబు పోయడమే.

మీ పత్రికలో ఉద్యోగ ప్రకటనలు వేసేటప్పుడు హోదాతో పాటు పనిని రెండు వాక్యాల్లో ఇస్తే పిల్లలకు మేలు. కోడ్ సమీక్ష అని ఉంటే టెక్నికల్. ప్రతిపాదనలు, ఖాతాదారులతో చర్చలు అని ఉంటే సొల్యూషన్. కుబెర్నెటీస్, టెర్రాఫామ్ లాంటి సర్వర్ల నిర్వహణ సాధనాల పేర్లు ఉంటే ఇన్‌ఫ్రాస్ట్రక్చర్. ఇంటర్వ్యూకి వెళ్లినవాళ్లు ఒక్క ప్రశ్న వేయవచ్చు: ‘నేను రాసిన నిర్ణయాన్ని ఎవరు మార్చగలరు?’ ఆ హోదా చేతిలో నిజంగా ఏ నిర్ణయం ఉందో జవాబులోనే తెలిసిపోతుంది.

– కొందరు సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు, పలాస, శ్రీకాకుళం జిల్లా