వార్షిక నివేదిక: బీచ్ రోడ్డు యుద్ధ స్మారక ఉద్యానంలో మన సంఘం

గౌరవ సభ్యులందరికీ నమస్కారం.

సంక్రాంతి, ఉగాది వేడుకలు, పిల్లల తెలుగు తరగతులు ఎప్పటిలాగే సాగాయి. జమాఖర్చుల పట్టికను విడిగా జతచేశాం. ఈసారి నివేదికలో ఎక్కువ చోటు ఫిబ్రవరి 15 కార్యక్రమానికే ఇస్తున్నాం. సింగపూరులో ఏళ్ల తరబడి ఉంటున్నా, బీచ్ రోడ్డు యుద్ధ స్మారకంలోని ఆ నాలుగు తెల్లని స్తంభాలను మనలో చాలామంది బస్సులోంచి చూడడమే తప్ప ఏనాడూ దిగి లోపలికి వెళ్లలేదు. అందుకే ఈ ఏడాది కుటుంబాలతో కలిసి వెళ్లాలని కార్యవర్గం తీర్మానించింది.

1942 ఫిబ్రవరి 15న సింగపూరులోని బ్రిటిష్ సైన్యం జపానుకు లొంగిపోయింది. మూడు రోజులకే ‘సూక్ చింగ్’ పేరిట ఏరివేత మొదలైంది. 18 నుంచి 50 ఏళ్ల వయసున్న చైనీయ పురుషులు తనిఖీ కేంద్రాలకు రావాలని ఆజ్ఞ. వదిలేసినవారికి కాగితం మీదో, చొక్కా మీదో, చేతి మీదో ‘తనిఖీ అయింది’ అని ముద్ర వేసేవారు. ఆ ముద్రే ప్రాణానికి పూచీ. జపాను వ్యతిరేకులన్న అనుమానంతో ఏరినవారిని లారీల్లో చాంగీ, పుంగోల్ వంటి తీరాలకు తీసుకెళ్లి కాల్చి చంపారు. విచారణ అన్నమాటే లేదు. మృతులు సుమారు 5,000 అని జపాను వైపు లెక్క. 25,000 నుంచి 50,000 దాకా ఉంటారని ఇతర అంచనాలు.

ఇరవై ఏళ్ల తర్వాత, 1962లో, సిగ్లాప్ ప్రాంతంలో నేల తవ్వుతుంటే అస్థికలు బయటపడ్డాయి. వాటిని వెలికితీసి గౌరవంగా భద్రపరిచే బాధ్యతను చైనీయ వర్తక మండలి తలకెత్తుకుంది. 1963 మార్చిలో ప్రధాని లీ క్వాన్ యూ స్మారకానికి ఈ స్థలం కేటాయించారు. చైనీయ మృతుల కోసమే మొదలైన ఆలోచన, అన్ని జాతుల పౌరుల కోసం అన్నట్టుగా మారింది. ఈ ఉద్యానం చరిత్రలో అన్నిటికన్నా గొప్ప నిర్ణయం అదేనని మా అభిప్రాయం. దాదాపు 68 మీటర్ల ఎత్తున్న నాలుగు స్తంభాలు చైనీయ, మలయ, భారతీయ, ఇతర సమాజాలకు ప్రతీకలు. కింద వేదికకు ఇరువైపులా, 606 పాత్రలలో, పేరు తెలియనివారి అస్థికలున్నాయి. ఖర్చులో సగం ప్రభుత్వం భరించగా, మిగతా సగం ప్రజల విరాళాలతో సమకూరింది. 1967 ఫిబ్రవరి 15న ఆవిష్కరించారు. 2013లో దీన్ని జాతీయ స్మారకంగా ప్రకటించారు.

మేం సాయంత్రం వెళ్లాం. పీఠం మీది శాసనం నాలుగు అధికార భాషల్లో ఉంది. ఇక్కడే పుట్టి, బడిలో తమిళం చదువుకున్న మన పెద్దాయన ఒకరు తమిళ పాఠాన్ని అక్షరం అక్షరం వేలితో చూపిస్తూ చదివి, పిల్లలకు తెలుగులో చెప్పారు. “ఇక్కడ మనవాళ్లు కూడా ఉన్నారా తాతయ్యా?” అని ఓ పాప అడిగింది. “ఈ పాత్రల్లో ఉన్నది ఎక్కువగా చైనీయులేనమ్మా. మనవాళ్లు చాలామంది రైలు మార్గం పనిలో పోయారు” అన్నారాయన. 6.20కి, లొంగుబాటు జరిగిన వేళకు, నగరమంతటా సైరన్ మోగింది. పిల్లలు ఎవరూ చెప్పకుండానే లేచి నిలబడ్డారు.

ఆయన చెప్పింది నిజం. సూక్ చింగ్ దుఃఖం ప్రధానంగా చైనీయ కుటుంబాలది, దాన్ని మనదిగా చెప్పుకోవడం తగదు. అయితే మలయా రబ్బరు తోటల నుంచి జపాను సైన్యం సయాం (నేటి థాయ్‌లాండ్)–బర్మా రైలు మార్గం పనికి తరలించిన వేలాది కూలీలలో తమిళులతో పాటు తెలుగువారూ ఉన్నారు. తిరిగి రానివారి పేర్లు చాలావరకు వారి ఇళ్లలో తప్ప ఎక్కడా నమోదు కాలేదు. ఇన్నేళ్లుగా మన సంఘం ఆ పని చేపట్టకపోవడం బాధాకరం.

కాబట్టి రాబోయే ఏడాది తోటల కాలం నాటి కుటుంబాల జ్ఞాపకాలను సేకరించాలని కార్యవర్గం ప్రతిపాదిస్తోంది. పాత ఫొటోలు, ఉత్తరాలు, తోటల గుర్తింపు కాగితాలు ఏమున్నా తీసుకురండి. నకలు తీసుకుని అసలు వెంటనే తిరిగి ఇస్తాం. పెద్దల మాటలను వారి ఇంటికే వచ్చి రికార్డు చేస్తాం. ఇందుకు కావలసిన నిధుల ప్రతిపాదన సర్వసభ్య సమావేశం ముందుకు వస్తుంది. దయచేసి ఆమోదించండి.

కార్యవర్గం తరఫున,
కార్యదర్శి