ఇల్లాలి ప్రాణానికి వేసే మొదటి అంకె గురించి రవాణా మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన తెలంగాణ రాష్ట్ర రవాణా శాఖ మంత్రి గారికి నమస్కారాలు.

రోడ్డు ప్రమాదంలో చనిపోయిన ఇల్లాలికి పరిహారం కట్టేటప్పుడు ఆమె నెల ఆదాయం ఎంత అని పట్టుకోవాలన్న సంగతి మీద ప్రజావాణిలో అర్జీలు పెట్టుకున్నాం, రసీదులు ఇచ్చారు. మీ పేషీకి కూడా పంపాం. జవాబు రాలేదు కాబట్టి అందరూ చదివేలా రాస్తున్నాం. నార్కట్‌పల్లి నుంచి కోదాడ దాకా 65వ నంబరు హైవే, జడ్చర్ల నుంచి పెబ్బేరు దాకా 44వ నంబరు హైవే ఎట్లా ఉన్నాయో మీకు తెలుసు. మేం అడిగేది ప్రమాదం జరిగిన తర్వాత కోర్టులో వేసే లెక్క గురించి.

పరిహారం కోసం కోర్టులో వేసే క్లెయిమ్ పిటిషన్‌లో చనిపోయినవారి నెల ఆదాయం రాసే గడి ఒకటి ఉంటుంది. లెక్కలో మిగతావన్నీ ఖరారై ఉన్నాయి. చనిపోయినవారి సొంత ఖర్చు కింద ఎంత తీసేయాలో, ఏ వయసుకు ఎంతతో గుణించాలో 2009లో సుప్రీంకోర్టు ఇచ్చిన సరళా వర్మ తీర్పు చెప్పింది. భవిష్యత్తులో పెరిగే ఆదాయం శాతం 2017 ప్రణయ్ సేఠీ తీర్పులో ఉంది. ఇల్లాలి విషయంలోనూ ఆ శాతం కలపాల్సిందేనని 2021 జనవరిలో కీర్తి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మొదటి అంకె, అంటే నెల ఆదాయం, ఒక్కదానికే మన రాష్ట్రంలో ఇన్ని రూపాయలకు తగ్గొద్దన్న ఖరారు లేదు.

ఆ అంకె ఎంత పని చేస్తుందో చూడండి. 38 ఏళ్ల తల్లి. భర్త, ఇద్దరు పిల్లలు, అత్త ఆమె మీద ఆధారపడి ఉన్నారు. నెలకు 5,000 అని పట్టుకుంటే భవిష్యత్తు పెరుగుదల 40 శాతం కలిపి 7,000. సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీస్తే 5,250. ఏడాదికి 63,000. దాన్ని ఆ వయసుకున్న 15తో గుణిస్తే 9,45,000. అదే 12,000 పట్టుకుంటే 22,68,000. మొదటి గడిలో ఒక్క వెయ్యి తగ్గితే ఆ పిల్లలకు 1,89,000 పోయినట్టే. వడ్డీ కూడా ఆ తగ్గిన మొత్తం మీదే కడతారు.

2024 ఫిబ్రవరిలో అరవింద్ కుమార్ పాండే కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: ఇల్లాలి ఆదాయాన్ని రోజుకూలీ కనీస వేతనం కంటే తక్కువగా చూడకూడదు. మరి ఏ కనీస వేతనం? ఏ ఉపాధిది, ఏ జోన్‌ది, నైపుణ్యం లేని పనిదా, ఉన్న పనిదా? ఎదుటి వకీలు అన్నిటికంటే చిన్న రేటు పట్టుకొస్తారు. ఉదాహరణకు 2025-26లో మన దగ్గర ఉపాధి హామీ కూలి రోజుకు 307 రూపాయలు. 26 రోజులకు వేస్తే 7,982, ముప్పై రోజులకు వేస్తే 9,210. పొయ్యికి ఆదివారం సెలవు ఉందా సార్? ఇరవై ఆరు రోజులే ఎందుకు లెక్కపెట్టాలి?

ఇక్కడే కుటుంబాలు చిక్కుల్లో పడతాయి. ఇంటి పని అని రాస్తే తక్కువ వస్తుందన్న భయంతో టైలరింగ్ అనో పాల వ్యాపారం అనో రాయిస్తారు. క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఎదుటి వకీలు లైసెన్స్ ఏది, ఖాతా ఏది అని అడుగుతారు. పోలీసులు రాసే శవ పంచనామాలో మాత్రం వృత్తి దగ్గర హౌస్‌వైఫ్ అని ఉంటుంది. ఆ ఒక్క మాటతో భర్త సాక్ష్యం మొత్తం అబద్ధంలా కనిపిస్తుంది. నిజానికి ఆమె నాట్లకు, పత్తి ఏరడానికి కైకిలి పోయింది, బర్రెల పాలు కేంద్రంలో పోసింది. పాలమూరు వైపు మగవాళ్లు వలస పోతే ముసలోళ్లనూ పిల్లలనూ ఒంటిచేత్తో చూసుకుంది. ఆమె పోయాక భర్త వలస మానుకుని ఇంటి దగ్గరే ఉండిపోవాల్సి వస్తుంది. ఆ పోయిన కూలి ఏ గడిలోనూ పడదు. 2019 కాల వినియోగ సర్వే ప్రకారం ఆడవాళ్లు జీతం లేని ఇంటి పనికి రోజుకు 299 నిమిషాలు, మగవాళ్లు 97 నిమిషాలు పెడుతున్నారు. కీర్తి తీర్పులోనే ఈ అంకెలున్నాయి. ఇంతకంటే ఏం రుజువు కావాలి?

వయసు దగ్గర ఇంకో దెబ్బ. పోస్టుమార్టం రిపోర్టులో అందాజాగా 41 అని పడితే, పైన చెప్పిన 38 ఏళ్ల తల్లికే 40 శాతం కాస్తా 25 అవుతుంది, 15 కాస్తా 14 అవుతుంది. 12,000 ఆదాయం మీద 22,68,000 రావాల్సింది 18,90,000కి పడిపోతుంది. పుట్టిన తేదీకి ఆధార్ రుజువు కాదని 2024 అక్టోబరులో సుప్రీంకోర్టు చెప్పింది. బడి మొహం చూడని తల్లికి టీసీ ఎక్కడి నుంచి తేవాలి?

ఇవన్నీ కోర్టుల పని, మాకేం సంబంధం అంటారేమో. ఆర్టీసీ మీ శాఖ కిందే ఉంది కదా సార్! ప్రభుత్వ రవాణా సంస్థల బస్సులకు బీమా నుంచి మినహాయింపు ఇచ్చే వీలు చట్టంలోనే ఉంది. అలా మినహాయింపు ఉన్న బస్సు కింద పడితే పరిహారం కట్టేది సంస్థ, అంటే మీరు. ఆ కేసుల్లో ఆదాయానికి రుజువు లేదనే వాదన సంస్థ కోర్టులో వేసే జవాబులో (కౌంటర్‌లో) పెట్టొద్దని, కనీస వేతనానికి తగ్గకుండా ఒప్పుకోవాలని, ఆ ఒక్క అంకె మీద హైకోర్టుకు అప్పీలు పోవద్దని ఒక్క సర్క్యులర్ ఇవ్వండి. దానికి కొత్త చట్టం అక్కర్లేదు.

కర్ణాటకలో లోక్ అదాలత్‌ల కోసం ఏ ఏడాది ప్రమాదానికి రుజువు లేనప్పుడు ఎంత ఊహాజనిత ఆదాయం పట్టుకోవాలో రాష్ట్ర న్యాయ సేవాధికార సంస్థ పట్టిక వేసి పెట్టింది. మన దగ్గర అలాంటి పట్టిక లేక ఒకే ఏడాది, ఒకే వయసున్న ఇద్దరు తల్లులకు పక్కపక్క కోర్టుల్లో వేరే అంకెలు రావడానికి వీలు మిగిలింది. కార్మిక శాఖను, న్యాయ శాఖను కూర్చోబెట్టి, హైకోర్టుకు, న్యాయ సేవాధికార సంస్థకు రాయండి. ముప్పై రోజుల లెక్కతో, వంట, పిల్లల పెంపకం, ముసలోళ్ల సేవ నైపుణ్యం ఉన్న పనే అని గుర్తించి పట్టిక అడగండి. పంచనామాలో హౌస్‌వైఫ్ అని ఒక్క మాట రాసి వదిలేయకుండా ఆమె చేసే పనులన్నీ రాయించమని హోం శాఖకు చెప్పండి.

దయచేసి ఈసారి రసీదుతో సరిపెట్టకండి. సర్క్యులర్ ఇస్తారా, ఇవ్వరా, అదైనా రాతపూర్వకంగా చెప్పండి.

ఇట్లు,
నల్గొండ, సూర్యాపేట, మహబూబ్‌నగర్ కోర్టుల్లో ప్రమాద పరిహారం కేసులు చూసే కొందరు న్యాయవాదులు, గుమాస్తాలు