మా లోగిళ్ళ తలుపు తట్టే ముందు: ఒడిశా పర్యాటక శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రి గారికి,

బరంపురం పాత పట్టణంలో నలభై ఏళ్ళుగా కాపురం ఉంటున్న ఒక తెలుగు ఇల్లాలు నమస్కరించి చేసుకుంటున్న విన్నపం.

గడచిన కార్తీక మాసంలో ఒకనాటి ఉదయం పదిన్నర వేళ, వీధి తలుపు తీసి ఉండగా, గోపాలపురం సముద్రతీరంలో బస చేసిన పదిహేడు మంది యాత్రికులను వెంటబెట్టుకుని ఒక గైడు నేరుగా మా లోగిట్లోకి వచ్చాడు. అప్పుడు నేను తలకు కుంకుడు రసం పట్టించుకుని నూతి గట్టు పక్కన కూర్చుని ఉన్నాను. ఇది మూడు వందల ఏళ్ళనాటి జమీందారు గారి మహలని అతడు హిందీలో వారికి చెప్పుకుపోతున్నాడు. నిజానికి ఈ ఇల్లు కట్టించినది నూలు దుకాణం నడుపుకున్న మా మామగారి తండ్రి. అది కూడా మద్రాసు ప్రెసిడెన్సీ రోజుల్లో, అప్పు చేసి. గుంపులో ఒకావిడ పారిజాతం పూలు ఏవని అడిగింది. అవి తెల్లవారకముందే రాలిపోయాయని, ఏరి దేవుడి దగ్గర పెట్టి నాలుగు గంటలయిందని నేను చెప్పేలోగా గైడు కొమ్మ పట్టుకుని ఊపి చూపించాడు. నాలుగు ఆకులు రాలాయి. వెళ్ళేటప్పుడు ఒక పెద్దమనిషి మా తులసి కోట గూట్లో వంద రూపాయల నోటు పెట్టాడు. ఆ నోటును ఏమని తీసుకోవాలో నాకు తెలియలేదు, ఏమని తిరిగి ఇవ్వాలో కూడా తెలియలేదు.

ఆ కుర్రవాడి మీద ఫిర్యాదు చేయడానికి ఈ లేఖ రాయడం లేదు. చూడటానికి వచ్చినవారి మీద నాకు కోపమూ లేదు; మా లోగిలి బాగుందని ఎవరైనా అంటే ఈ వయసులోనూ సంతోషంగానే ఉంటుంది. పాత బరంపురంలో పూల లోగిళ్ళను నడిచి చూపించే యాత్రలు ఎలాగూ మొదలయ్యాయి గనుక, వాటిని మీ శాఖ తన చేతిలోకి తీసుకుని, వేళను, తలుపును మాత్రం ఆ ఇంటివాళ్ళ చేతిలోనే ఉంచవలసిందిగా ప్రార్థించడమే నా ఉద్దేశం.

మా ఇళ్ళ తీరు తెలియనివారికి ఈ మాట వింతగా తోచవచ్చు. మా వీధుల్లో ఇళ్ళు రెండు పక్కలా గోడలు కలుపుకుని వరుసగా ఉంటాయి. వీధి వైపు వెడల్పు పన్నెండు, పదిహేను అడుగులకు మించదు. లోతు మాత్రం వెనుక సందు దాకా సాగిపోతుంది. తెలుగువారు అరుగనీ ఒడియావారు పిండా అనీ పిలిచే గట్టు ముందు ఉంటుంది. దాని వెనుక ఒకదాని తరువాత ఒకటిగా గదులు, నడుమ ఆకాశానికి తెరిచిన లోగిలి, లోగిట్లో నుయ్యి, తులసి కోట, దాని అవతల వంటిల్లు, ఆఖరున పెరడు. పక్క గోడలకు కిటికీ పెట్టే వీలు లేదు కనుక ఇంటికి వెలుతురు, గాలి రావలసినది ఈ లోగిలి నుంచే. పిల్లలకు నీళ్ళు పోసేది, వడియాలు పెట్టేది, నేతవారి ఇళ్ళలో రంగు వేసిన పట్టునూలు వాసాల మీద ఆరేసేది కూడా ఇక్కడే. ఉతికిన బట్టల తీగ కిందనుంచి వంగి వెళ్ళకుండా మా మందార చెట్టును ఎవరూ చూడలేరు.

భువనేశ్వరంలో పాత గుళ్ళను నడిపించి చూపించడానికి 2016 డిసెంబరులో మొదలైన ఏకామ్ర వాక్స్ మీకు తెలిసినదే. ఆదివారం ఉదయం ముక్తేశ్వర ఆలయం దగ్గర బయలుదేరి బిందుసాగరం దాకా సాగే ఆ నడకలో ఒకసారి నేనూ పాల్గొన్నాను. చెప్పేవారు చదువుకుని చెబుతున్నారు, బాగుంది. అదే నమూనాను యథాతథంగా బరంపురానికి తెస్తే మాత్రం కుదరదు. గుడికి వచ్చేవాడిని ఎందుకు వచ్చావని ఎవరూ అడగరు. లోగిలికి వచ్చేవాడు ఒకరి ఇంటి మధ్యలో నిలబడతాడు.

ఇంటి మధ్యలో పరాయివాళ్ళు నిలబడటం ఎంత మర్యాదగా జరగవచ్చో నేను స్పెయిన్ దేశపు దక్షిణాన ఉన్న కోర్డోబాలో చూశాను. మా అమ్మాయి ఉద్యోగరీత్యా ఆ దేశంలో ఉన్నప్పుడు ఒక మే నెలలో నన్ను అక్కడికి తీసుకువెళ్ళింది. ఆ ఊరి నగరపాలక సంస్థ 1921లో మొదటిసారి లోగిళ్ళకు పోటీ పెట్టింది. మధ్యలో కొన్నేళ్ళు ఆగినా ఆ పోటీ ఇప్పటికీ ఏటా మే నెల మొదటి రెండు వారాల్లో జరుగుతోంది; 2012లో యునెస్కో ఆ లోగిళ్ళ పండుగను మానవాళి అమూర్త సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది. పాత కట్టడాలకు, కొత్త కట్టడాలకు వేర్వేరు విభాగాలు పెట్టి బహుమతులు ఇస్తారు. పోటీలో పాల్గొని తలుపు తీసి ఉంచిన ఇళ్ళకు నగరపాలక సంస్థ నుంచి కొంత సొమ్ము ముడుతుంది. చూసేవారి దగ్గర ప్రవేశ రుసుము తీసుకోరు. పండుగ లేని నెలల్లో సాన్ బసీలియో పేటలో గైడు వెంట నడిచి నాలుగైదు ఇళ్ళు చూసే యాత్రలు ఉన్నాయి, వాటికి టిక్కెట్టు ఉంటుంది. పన్నెండు లోగిళ్ళున్న వియానా భవనం వేరు. అది మ్యూజియం, అక్కడ ఎవరూ కాపురం ఉండరు. నాకు అక్కడ కాళ్ళు నొప్పి పుట్టడం తప్ప మరేమీ గుర్తు లేదు.

గుర్తున్నది సాన్ బసీలియోలోని ఒక చిన్న ఇల్లు. సున్నం కొట్టిన తెల్లటి గోడ నిండా, కింద నుంచి మేడ అంచు దాకా, నీలిరంగు వేసిన కుండీలు తగిలించి ఉన్నాయి. వాటిలో ఎక్కువ భాగం జెరేనియం పూలు. గుమ్మం దగ్గర నిలబడిన మనిషి లోపల ఉన్నవాళ్ళు బయటికి వచ్చేదాకా మమ్మల్ని వీధిలోనే ఆపాడు. లోపల ఏప్రను కట్టుకున్న ఒక ముసలావిడ పొడవాటి గెడ చివర కట్టిన రేకు డబ్బాతో పై వరుస కుండీలకు నీళ్ళు పోస్తోంది. డబ్బా ఒలకకుండా కుండీ అంచుకు ఆనించి ఒక్క మణికట్టు తిప్పుతో వంచేది. మా అత్తగారు వెదురు కర్రకు కొబ్బరి చిప్ప కట్టి అటక అంచున వేలాడే కనకాంబరం కుండీలకు సరిగ్గా అలాగే పోసేవారు. ఆ ఊళ్ళో రింకోన్ ద్వారం దగ్గర ఇలా గెడతో నీళ్ళు పోస్తున్న స్త్రీ కంచు విగ్రహం ఉంది. విగ్రహం మాకు అక్కరలేదు గాని, పూలు వాటంతట అవి పూయవని అక్కడి ప్రభుత్వానికి తెలుసునన్న సంగతి మాత్రం నా మనసులో నిలిచిపోయింది.

అక్కడ అంతా బాగుందని అనను. మధ్యాహ్నానికి ఆ సందుల్లో నడిచే చోటు లేక గోడకు అతుక్కుని నిలబడ్డాము. ముప్పావు గంట వరుసలో నిలబడితే లోపల గడిపినది మూడు నిమిషాలు.

ఇక మా పూల సంగతికి వస్తాను. పర్యాటకుల బస్సు ఉదయం తొమ్మిదికి బయలుదేరి పదిన్నరకు వస్తుంది; మా పూలకు ఆ వేళాపట్టిక తెలియదు. పారిజాతం చీకటి పడ్డాక విచ్చి తెల్లవారకముందే రాలుతుంది గనుక ఆశ్వయుజ, కార్తీక మాసాల్లో దాన్ని చూడదలచినవారు తెల్లవారుజామున నాలుగున్నరకు రావాలి. అప్పటికి గచ్చు మీద తెల్లటి రేకులు, నారింజ రంగు కాడలు పరిచినట్టుంటాయి, సూర్యుడు వచ్చేసరికి వాడిపోతాయి. చైత్ర వైశాఖాల్లో మల్లె మొగ్గ విచ్చేది దీపాలు పెట్టే వేళకు. చంద్రకాంత సాయంత్రం నాలుగు దాటితే గాని కళ్ళు తెరవదు. మందారం ఒక్కటే పర్యాటక శాఖ పనివేళల్లో అందుబాటులో ఉంటుంది. పుష్య మాసపు చలిలో డిసెంబరాలు, చేమంతులు ఉంటాయి. శీతకాలపు యాత్రికులకు అవి చూపించవచ్చు. గంజాం జిల్లా పేరు దేశమంతా మోస్తున్న మొగలి పువ్వును మాత్రం లోగిళ్ళలో వెతకవద్దని గైడులకు చెప్పించండి, అది ముళ్ళ పొద, తోట గట్ల మీద పెరిగేది.

కాబట్టి యాత్ర రోజుకొకటి, పదింటికొకటి అని ముందే అచ్చు వేయకుండా, ఏ ఇంట్లో ఏ నెలలో ఏ వేళ ఏమి పూస్తుందో ఆ ఇంటి ఆడవాళ్ళను అడిగి పట్టిక తయారు చేయించండి. వారం ముందు కబురు, ఆ రోజు ఇంట్లో జ్వరమో మైలో శుభకార్యమో ఉంటే కాదనే హక్కు, ఒక విడతకు పది మందికి మించని బృందం, గుమ్మం దగ్గర చెప్పులు విడవడం, మనుషుల ఫొటో తీసే ముందు అడగడం: ఇవి నియమాలుగా ఉంటే మా వీధిలో తలుపు తీసేవారు తక్కువేమీ ఉండరు. అతిథులు మాకు కొత్త కాదు. రెండేళ్ళకొకసారి చైత్రంలో బుఢీ ఠాకురాణి యాత్ర జరిగి, నేతవారి దేశిబెహరా వీధికి అమ్మవారు పుట్టింటికి వచ్చినప్పుడు, ఊరంతా ఇసుక వేస్తే రాలనంత జనం ఉంటుంది. అప్పుడు మా అరుగుల మీద ఎవరు పడుకున్నారో మేము అడగము. అది అమ్మవారి పని. టిక్కెట్టు కొన్నవారి విషయంలో అడుగుతాము.

గైడులను ఈ వీధుల పిల్లల్లోనే ఎంచుకోవలసిందిగా కోరుతున్నాను. 1936 ఏప్రిల్ 1న ఒడిశా వేరు రాష్ట్రమయ్యే వరకు ఈ ఊరు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేది. రాష్ట్రపతిగా పనిచేసిన వి.వి. గిరి గారు 1894లో ఇక్కడి తెలుగు కుటుంబంలోనే పుట్టారు. ఇక్కడ ఒక్కొక్క పువ్వుకు రెండేసి పేర్లున్నాయి. మేము పారిజాతమనేదాన్ని పక్కింటి ఒడియా వదినగారు గంగశిఉళి అంటారు. మా నందివర్ధనం వారికి టగర, మా చేమంతి సేబతి, మా బంతి గెండు. మందారం ఇద్దరికీ మందారమే. ఒడియావారి సంవత్సరాది అయిన పణా సంక్రాంతి నాడు తులసి మీద బసుంధరా ఠేకి వేలాడదీయడం మా అత్తగారు ఆ పక్కింటి వదినగారి దగ్గరే నేర్చుకున్నారు. చిన్న కుండ అడుగున చిల్లు పొడిచి, అందులో దర్భ దూర్చి, నీళ్ళు నింపి తులసికి పైన కడితే, వైశాఖపు ఎండలో నెలంతా బొట్టు బొట్టుగా మొక్క మీద పడుతూ ఉంటుంది. దర్భ బిగువుగా ఉంటే నీరు దిగదు, వదులైతే గంటలో కుండ ఖాళీ. నాకు ఇప్పటికీ రెండు మూడుసార్లు తీసి పెడితే గాని కుదరదు. బయటినుంచి వచ్చిన గైడు దాన్ని దిష్టి కుండ అని చెప్పగా నా చెవులతో విన్నాను.

సొమ్ము విషయంలో దాపరికం లేకుండా రాస్తాను. టిక్కెట్టులో సగమైనా చూపించిన ఇంటికి, అదీ ఇంటి ఇల్లాలి ఖాతాకు నేరుగా చేరాలి. తులసి కోటలో నోటు పెట్టే అగత్యం అప్పుడు ఎవరికీ ఉండదు. అంతకన్నా ముఖ్యమైనది మరొకటి ఉంది. నేను కాపురానికి వచ్చిన నాడు మా వీధిలో ఆకాశం కనబడని ఇల్లు లేదు. అన్నదమ్ములు ఇల్లు నిలువునా పంచుకున్నప్పుడు ఆరడుగుల వెడల్పు లోగిలి ఎవరికీ పనికి రాక స్లాబు వేసేస్తున్నారు. వారిని తప్పు పట్టలేము, పెళ్ళయిన కొడుక్కి గది కావాలి. లోగిలిని స్లాబు వేయకుండా తెరిచి ఉంచిన ఇంటికి హోల్డింగు పన్నులో, అంటే ఇంటి పన్నులో, కొంత రాయితీ ఇచ్చేలా పట్టణాభివృద్ధి శాఖతో మీరు మాట్లాడితే, యాత్రలకన్నా ముందు ఆ లోగిళ్ళు మిగులుతాయి. 2013 అక్టోబరు 12 రాత్రి గోపాలపురం దగ్గర పైలిన్ తుపాను తీరం దాటినప్పుడు మా సంపెంగ చెట్టు కూకటివేళ్ళతో లేచి నూతి మీద పడింది. మొదలు కోయించి, నుయ్యి బాగు చేయించడానికి మావారి రెండు నెలల పింఛను ఖర్చయింది. ఆ చోట ఇప్పుడు పెరిగి నా తలను దాటిన మొక్క మళ్ళీ సంపెంగే. అలాంటి సమయంలో చిన్న మరమ్మత్తు నిధి ఏదైనా ఉండి ఉంటే పక్క రెండు ఇళ్ళవాళ్ళు తమ చెట్లు పడిన చోట సిమెంటు పోయించి ఉండేవారు కారని నా నమ్మకం.

మరొక చిన్న మాట. యాత్ర పేరు చెప్పి మా వీధి గోడల మీద రంగుల బొమ్మలు వేయించవద్దు. సున్నం చాలు.

వచ్చే ఆశ్వయుజంలో మీరు బరంపురం రావడం తటస్థిస్తే, ఈ లోగిళ్ళలో ఒకదాన్ని మీరే చూసి నిర్ణయించవలసిందిగా ఆహ్వానిస్తున్నాను. తెల్లవారుజామున నాలుగున్నరకు రండి. ముందురోజు కబురు పెట్టించండి, పారిజాతాలు ఏరకుండా గచ్చు మీదే ఉంచుతాను.

ఇట్లు,
పాత బరంపురంలో లోగిలి ఉన్న ఒక ఇంటి ఇల్లాలు