ఐస్‌లో గాజు పగిలితే

అమ్ములూ,

నాన్న ఆశీస్సులు. నువ్వు పంపిన ఆఫర్ లెటర్ చదివాను. ఒకసారి కాదు, నాలుగైదు సార్లు. "ట్రైనీ బార్‌టెండర్" అన్న మాట దగ్గరికి వచ్చేసరికి ప్రతిసారీ కళ్లు అక్కడే ఆగిపోయాయి. ఫోన్లో "సరేలేమ్మా, ఆలోచించి చెప్తాను" అని పెట్టేశాను. వద్దంటున్నానని అనుకుని ఉంటావు. వద్దనడం లేదు. 24 ఏళ్లు బార్ కౌంటర్ వెనక నిలబడి తెచ్చిన జీతంతోనే మన ఇల్లు గడిచింది, నీ చదువు నడిచింది. ఆ పని నీకు తక్కువని ఏ నోటితో అంటాను? చిన్నప్పుడు స్కూలు ఫారంలో నాన్న ఉద్యోగం దగ్గర "హోటల్లో పని" అని రాసేదానివి. అలా రాయమన్నది నేనే. ఇప్పుడు నువ్వు ఆ పని పేరు ఉన్నదున్నట్టుగా నీ పేరు పక్కన రాసుకోబోతున్నావు. నాకు సంతోషంగానే ఉంది.

భయం కూడా ఉంది. జనం ఏమంటారోనని కాదు. ఆ కౌంటర్ వెనక నిలబడే మనిషిని ఎవరు చూసుకుంటారన్నదే నా భయం. వచ్చిన వాళ్లందరినీ మనం చూసుకుంటాం. మనల్ని చూసుకునే చోటేది, వాడుకుని వదిలేసే చోటేది, అది కనిపెట్టడం నీకు రావాలి. డ్రింక్ కలిపే షేకర్ పట్టుకోవడం ఎవరైనా నేర్పుతారు.

నీకెప్పుడూ చెప్పని ఒక రాత్రి సంగతి చెప్తాను. నేను పనిలో చేరి అప్పటికి మూడేళ్లు. శనివారం, కౌంటర్ ముందు మూడు వరసల జనం. బార్‌బ్యాక్‌గా, అంటే బార్‌టెండర్‌కు సాయంగా, కొత్తగా చేరిన కుర్రాడు నా పక్కనే ఉన్నాడు. స్కూప్ చేతికి అందక, తొందరలో గాజు గ్లాసుతోనే ఐస్ తోడబోయాడు. టక్‌మని చిన్న చప్పుడు. గ్లాసు అంచు విరిగి ఐస్ బిన్‌లో పడింది. ఐస్‌లో గాజు ముక్క కనబడదు తల్లీ. రెండూ ఒకే మెరుపు. వేలు తెగితే తెలుస్తుంది, లేదంటే తాగినవాడి గొంతులో తెలుస్తుంది. అందుకే ఈ పనిలో మారుమాట లేని నియమం ఒకటుంది. ఐస్ దగ్గర గాజు పగిలిందా, బిన్ మొత్తం ఖాళీ చేయాల్సిందే. వేడినీళ్లు పోసి కరిగించి, అడుగున మిగిలిన గాజు ముక్కలు ఏరి, తుడిచి, మళ్లీ కొత్త ఐస్ నింపాలి. ఈలోగా ఎవరూ పొరపాటున వాడకుండా ముందుగా ఎర్ర సిరప్ పోసి గుర్తు పెడతారు కొందరు. పావుగంట పని.

మేనేజర్ వచ్చి చూశాడు. "పైపైన తీసేసి మిగతాది కానివ్వండి, జనం ఆగరు" అన్నాడు. కుర్రాడు నా ముఖం వైపు చూశాడు. వాడి వేళ్లు వణుకుతున్నాయి. నేను సిరప్ సీసా తీసి బిన్ నిండా పోసేశాను. ఎర్రబడ్డ ఆ ఐస్‌ను ఇక ఎవరూ గ్లాసులో వెయ్యలేరు. ఆ నెల కుర్రాడి జీతంలో కోత పడింది. నా చేతికి మెమో వచ్చింది. రెండు నెలలకు నేను ఆ చోటు వదిలేశాను.

తర్వాత చేరిన చోట అదే పొరపాటు నా చేతి మీదుగా జరిగింది. అక్కడి హెడ్ బార్‌టెండర్ నన్నేమీ అనలేదు. జనం వైపు తిరిగి "పావుగంట వరకు ఐస్ లేని డ్రింక్సే ఇస్తాం, ఏమీ అనుకోకండి" అని గట్టిగా చెప్పి, చొక్కా చేతులు పైకి మడిచి నాతోపాటు బిన్ తుడిచాడు. అక్కడ 14 ఏళ్లు పనిచేశాను.

నీకు ట్రయల్ షిఫ్ట్ ఉందన్నావు కదా. ఆ రోజు వాళ్లు నీ చేతులు చూస్తారు, నువ్వు వాళ్లను చూడు. కాళ్ల కింద రబ్బరు మ్యాట్ ఉందా, ఎనిమిది గంటలు రాతినేల మీదే నిలబెడుతున్నారా? మధ్యలో కూర్చుని తినడానికి సమయం ఇస్తున్నారా, నిలబడే రెండు ముద్దలు మింగుతున్నారా? మూసేశాక అర్ధరాత్రి అమ్మాయిలు ఇంటికి ఎలా వెళ్తున్నారు? ఒకడు తప్పు చేస్తే మిగతావాళ్లు వాడి దగ్గరికి జరుగుతున్నారా, దూరం జరుగుతున్నారా? వాళ్ల కాక్‌టెయిల్ మెనూ ఎంత గొప్పదైనా నాకు అక్కర్లేదు, ఇవి చూసొచ్చి చెప్పు.

అమ్మాయివి కాబట్టి ఇంకో మాట. ఈ కౌంటర్ వెనక ఆడవాళ్లు ఉండకూడదని చట్టాలే ఉండేవి. అమెరికాలో ఒక రాష్ట్రం, బారు యజమాని భార్యో కూతురో అయితే తప్ప ఆడమనిషికి బార్‌టెండర్ లైసెన్స్ ఇవ్వనంది. ఆ చట్టం సరైనదేనని 1948లో అక్కడి సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. అంటే నీ చేతిలో ఎంత పనితనం ఉన్నా, నీ తండ్రికి బారు ఉంటేనే నీకు పని. మన దేశంలో 1914 నాటి పంజాబ్ ఎక్సైజ్ చట్టం, జనం కూర్చుని మద్యం తాగే చోట ఆడవాళ్లను, 25 ఏళ్లు నిండని మగవాళ్లను పనిలో పెట్టుకోకూడదంది. 2007లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. ఆడవాళ్లకు రక్షణ కావాలంటే చోటును భద్రంగా చెయ్యాలి గానీ వాళ్లను పనికి దూరం చెయ్యకూడదన్నదే ఆ తీర్పు సారం. ఇవేవీ లేని రోజుల్లోనే, 1903లో, లండన్ సవాయ్ హోటల్లో అడా కోల్‌మన్ అనే ఆవిడ హెడ్ బార్‌టెండర్ అయ్యింది. ఇరవై ఏళ్లకు పైగా ఆ కౌంటర్‌ను ఏలింది. ఆవిడ కలిపిన ఒక డ్రింక్ ఇవాళ్టికీ ప్రపంచమంతా పోస్తున్నారు. నిన్నెవరైనా "ఆడపిల్లకు ఇదేం పని" అంటే ఆవిడ పేరు గుర్తు తెచ్చుకో.

పని విషయానికొస్తే, కొలత దగ్గర గర్వం పనికిరాదు. సీసా వంచి లెక్కపెడుతూ పోయడం చూడ్డానికి బాగుంటుంది, కస్టమర్లు ముచ్చటపడతారు. కానీ జిగ్గర్‌తో, అదే కొలత గిన్నెతో, కొలిచి పొయ్యి. డ్రింకుకు 5 మిల్లీలీటర్లు ఎక్కువ పడిందనుకో, 150 డ్రింకులకు 750, అంటే సరిగ్గా ఒక సీసా గల్లంతు. నెలాఖరున స్టాకు లెక్కలో అది దొంగతనంలా కనబడుతుంది, వేలు నీ వైపే చూపిస్తారు. నిమ్మకాయలు పిండాక చేతులు కడుక్కోకుండా ఎండలోకి వెళ్లకు. నిమ్మరసం పడ్డ చర్మం ఎండ తగిలితే కాలినట్టు బొబ్బలెక్కుతుంది. భుజం మాట కూడా విను. రాత్రికి వందసార్లు షేకర్ ఊపే చెయ్యి పదేళ్లకు పైకి లేవనని మొండికేస్తుంది. నా కుడి భుజం నీకు తెలుసు కదా. రెండు చేతులతోనూ షేక్ చెయ్యడం మొదటి నెలలోనే అలవాటు చేసుకో.

డబ్బు గురించి మొహమాటం లేకుండా అడుగు. ఈ పరిశ్రమ చాలాచోట్ల టిప్పుల మీద నిలబడి ఉంది. అమెరికా ఫెడరల్ చట్టంలో టిప్పులు వచ్చే ఉద్యోగికి యజమాని తన చేత్తో ఇవ్వాల్సిన కనీస కూలి గంటకు 2.13 డాలర్లు. 1991 నుంచి ఆ అంకె కదల్లేదు. మిగతాది కస్టమర్ దయ మీద రావాలి. టిప్పులతో కలిపినా కనీస వేతనం నిండకపోతే తేడా యజమాని కట్టాలని చట్టమే అంటుంది, కానీ అడగడానికి నోరు రావాలిగా. బ్రిటన్లో 2024 అక్టోబరు నుంచి టిప్పుల్లో ఒక్క పైసా యజమాని ఉంచుకోకూడదు, మొత్తం పనివాళ్లకే పంచాలన్న చట్టం అమల్లోకి వచ్చింది. చట్టం తేవాల్సి వచ్చిందంటే అంతకుముందు ఏం జరిగేదో నువ్వే ఊహించుకో. నేను పనిచేసిన ఒక చోట టిప్పుల డబ్బాకు తాళం ఉండేది, తాళంచెవి మా దగ్గర ఉండేది కాదు. ఏడాది పాటు ఎవరం నోరెత్తలేదు. ఇప్పటికీ ఆ ఏడాది గుర్తొస్తే నా మీద నాకే కోపం వస్తుంది. ఆఫర్ లెటర్లో టిప్పుల లెక్క లేదు. అది రాతలో అడుగు.

ఇంక తాగుడు. ఇది రాయడానికి చెయ్యి రావట్లేదు, అయినా రాయాలి. మోహన్ మావయ్య నీకు గుర్తున్నాడు కదా, ప్రతి పుట్టినరోజుకూ నీకు బొమ్మ తెచ్చేవాడు. తొమ్మిదేళ్లు నా పక్కన నిలబడ్డాడు. షిఫ్ట్ అయిపోయాక ఒకటి అన్నాడు మొదట్లో. తర్వాత షిఫ్ట్ మధ్యలో ఒకటి. కస్టమర్ "నాతో ఒకటి తాగు" అంటే కాదనలేక ఒకటి. వాడు తూలడం నేనెప్పుడూ చూడలేదు, అందుకే ఏమీ లేదనుకున్నాను. 43 ఏళ్లకే లివర్ పాడై చనిపోయాడు. లివర్‌కు తన వేగం ఒకటుంటుంది. ఉజ్జాయింపుగా గంటకు ఒక డ్రింక్. కాఫీ పోసినా చన్నీళ్లు కుమ్మరించినా ఆ వేగం పెరగదు. మద్యం విషయంలో ఆరోగ్యానికి పూర్తిగా సురక్షితమైన మోతాదంటూ లేదని 2023లో ప్రపంచ ఆరోగ్య సంస్థ తేల్చి చెప్పింది. రుచి చూడాల్సి వస్తే స్ట్రాతో ఒక చుక్క తీసుకో, అంతే. "డ్యూటీలో తాగను" అని మొదటి రోజే నవ్వుతూ చెప్పెయ్యి. మొదటి రోజు చెప్పిన మాటకు వాళ్లు అలవాటు పడతారు, ఆరో నెలలో చెబితే అలుగుతారు.

అన్నీ చేదు కబుర్లే కాదు. మార్పు వస్తే పనివాళ్లకు ఎంత తేడా వస్తుందో కూడా చూశాం. కాలిఫోర్నియాలో 1998లో బార్లలో పొగతాగడం ఆపేశారు. శాన్‌ఫ్రాన్సిస్కోలో 53 మంది బార్‌టెండర్లను అంతకుముందు, ఆ తర్వాత డాక్టర్లు పరీక్షించారు. మొదట 39 మందికి దగ్గు, ఆయాసం లాంటివి ఉండేవి. కొద్ది వారాల్లోనే వాళ్లలో 23 మందికి అవి పోయాయి. మందులు కాదు, గాలి మారింది, అంతే. బార్లు మునిగిపోతాయని అప్పుడు ఎంత గోల చేశారో! 2004లో ఐర్లాండ్ దేశం మొత్తంలో పని స్థలాల్లో, పబ్బులతో సహా, పొగ ఆపేసింది. ముందు చూసింది అక్కడ పనిచేసేవాళ్ల ఆరోగ్యమే. పొగలో నిలబడి పనిచేసిన నాకు ఆ వార్త ఎలా అనిపించిందో మాటల్లో చెప్పలేను.

పరిశ్రమ ఇప్పుడు ఎటు పోతోందని అడిగావు. 2020లో బార్లన్నీ మూతపడ్డప్పుడు చేయి తిరిగినవాళ్లు చాలామంది వేరే పనుల్లోకి వెళ్లిపోయి తిరిగి రాలేదు. రాత్రుళ్లు ఇంట్లో పడుకోవడం ఎలా ఉంటుందో వాళ్లు అప్పుడే చూశారు. అందుకే నేర్పే పెద్దవాళ్లు తక్కువై, నేర్చుకునేవాళ్లు ఒంటరిగా మిగిలారు. నీకు ఎదురయ్యే అసలు కష్టం అదేననుకుంటాను. మరోపక్క తాగేవాళ్లే తగ్గుతున్నారు. 2025లో గాలప్ అనే సంస్థ చేసిన సర్వేలో మద్యం తాగుతామన్న అమెరికన్లు 54 శాతమే. 1939లో ఆ ప్రశ్న అడగడం మొదలుపెట్టినప్పటి నుంచి ఇంత తక్కువ ఎప్పుడూ లేదు. దీనికి నువ్వు కంగారు పడకు. ఆల్కహాల్ లేని డ్రింకును కూడా అంతే శ్రద్ధగా చెయ్యగలిగినవాళ్లకే రేపు పని. పులుపు, తీపి, చేదు తూకం నాలుక మీద తెలిస్తే అందులో మందు ఉన్నా లేకపోయినా నీ విద్య నీదే.

మరమనుషులు వచ్చేస్తున్నాయని మీ అమ్మకు టెన్షన్. 2014లోనే ఒక పెద్ద విహార నౌకలో రోబో చేతులతో కాక్‌టెయిల్స్ కలిపించారు. కలపనీ. ఎదుటి మనిషిని చూసుకోవడం వాటికి రాదు. 2016లో ఇంగ్లండ్‌లోని లింకన్‌షైర్‌లో ఒక పద్ధతి మొదలుపెట్టారు. పక్కనున్న మనిషితో ఇబ్బందిగా, భయంగా ఉన్న అమ్మాయి కౌంటర్ దగ్గరికొచ్చి "ఏంజెలా ఉందా?" అని అడిగితే చాలు, బార్‌టెండర్ ఎవరికీ తెలియకుండా ఆమెను పక్కకు తీసుకెళ్లి, కారు పిలిచి ఇంటికి పంపిస్తారు. అది ఇప్పుడు చాలా దేశాలకు పాకింది. ఆ మాట అడగక ముందే, గ్లాసు రెండు చేతులతో గట్టిగా పట్టుకుని తలుపు వైపు చూస్తున్న అమ్మాయిని నువ్వు గుర్తుపడతావు. నాకు తెలుసు. చిన్నప్పటి నుంచీ ఇంటికి ఎవరొచ్చినా వాళ్ల ముఖం చూసి నీళ్లు తెచ్చిచ్చేదానివి.

ఇక చాలు, చెయ్యి నొప్పిగా ఉంది. ట్రయల్ షిఫ్ట్ అయ్యాక నేనడిగినవన్నీ రాసి పంపు, సంతకం ఆ తర్వాత పెడుదువు. మడమ దగ్గర మెత్తగా, అడుగు జారకుండా ఉండే బూట్లు కొనుక్కో, అర సైజు పెద్దవే తీసుకో, రాత్రి పదయ్యేసరికి పాదాలు వాస్తాయి. ఇంటికి చేరగానే ఎంత రాత్రైనా సరే ఫోన్ చెయ్యి. రెండున్నరకైనా మూడింటికైనా నేను మెలకువగానే ఉంటాను. ఇన్నేళ్ల అలవాటు ఇంకా పోలేదు.

ఇట్లు
మీ నాన్న